బొటనవేలు వంగడం లేదు, నాలుగు గంటలుగా ప్రయత్నిస్తున్నాను, దయచేసి ఎవరైనా చెప్పండి

వేకువనడక:
కుడికాలి బొటనవేలు కిందికి వంగడం లేదు. సాయంత్రం నుంచి నాలుగు గంటలు కూర్చుని, కనిపించిన వ్యాయామాలన్నీ చేశాను. నేలమీద తువ్వాలు పరిచి వేళ్లతో దగ్గరికి లాగడం, గోళీలను వేళ్లతో ఎత్తి గిన్నెలో వేయడం, వేడినీళ్లలో పెట్టి మర్దన చేయడం, అన్నీ అయ్యాయి. మిగతా నాలుగు వేళ్లూ ముడుచుకుని గోళీని పట్టుకుంటున్నాయి. బొటనవేలు మాత్రం పుల్లలా బిగుసుకుని అలాగే ఉంటోంది. వాపు లేదు, నొప్పీ పెద్దగా లేదు, పైకి బాగానే లేస్తోంది. నరం పట్టేసి ఉంటుందని ఇంట్లో అంటున్నారు. పట్టేసిన నరం వదలాలంటే ఏ వ్యాయామం చేయాలి, రోజుకు ఎన్నిసార్లు? డాక్టరును కలవమని మాత్రం రాయకండి. ఇప్పటికే కలిశాను, ఎముకకు ఏమీ కాలేదన్నారు.

పాదమిత్ర:
ముందు మీ బూట్లు చూసుకోండి. కాగితంమీద నిలబడి పాదం చుట్టూ పెన్సిలుతో గీత గీయండి. ఆ గీతమీద మీ బూటును పెట్టి చూడండి. చాలామందికి బూటు ముందుభాగం పాదంకంటే సన్నగా ఉంటుంది. రోజంతా వేళ్లను ఒకదానిమీదకు ఒకటి నెడితే బొటనవేలు పక్కకు ఒరుగుతుంది, మొదట్లో ఉన్న కీలు బిగుసుకుంటుంది. పదేళ్లుగా ఈ మాట చెబుతూనే ఉన్నాను. వేళ్లకు చోటివ్వని బూటు వేసుకుని ఎన్ని వ్యాయామాలు చేసినా ఫలితం ఉండదు.

రెండుముక్కలు:
ఎముకను ఎందుకు చూశారు? దెబ్బ తగిలిందా? ఎప్పుడు?

ఉదయకాంతి:
నరం బలహీనపడితే బీ12 మాత్రలు వాడాలి అంటారు. మా బంధువుకు కాళ్ల తిమ్మిరి వాటితోనే తగ్గింది. ఒకసారి అడిగి చూడండి.

పదసంపద:
అసలు చిక్కు 'నరం' అనే మాటతోనే వస్తోంది. మన వాడుకలో రక్తం పారే సిరా నరమే, స్పర్శను మోసే నాడీ నరమే, కండరాన్ని ఎముకకు కట్టిపడేసే తాడూ నరమే. వీటికి వేర్వేరు వైద్యాలు ఉన్నప్పుడు ఒకే పేరుతో పిలవడం ప్రమాదం. బడి పుస్తకాలు మూడో దాన్ని స్నాయుబంధనం అన్నాయి. ఎముకను ఎముకకు కట్టేది సంధిబంధనం, అంటే లిగమెంటు. సుశ్రుత సంహితలో మాంసపేశులు 500, స్నాయువులు 900, కండరలు 16 అని లెక్క ఉంది. అక్కడ 'కండర' అంటే లావుపాటి తాడు. మనం ఆ మాటను తెచ్చి మాంసానికి పెట్టుకున్నాం. వేకువనడక గారు మూడింటిలో దేని గురించి అడుగుతున్నారో చెప్పాలి.

వేకువనడక:
నేను వైద్యం చదువుకోలేదండీ, ఏ నరమో నాకెలా తెలుస్తుంది? బూట్లు ఈ మధ్య వేసుకోవడమే లేదు, పాదమిత్ర గారూ. కుట్లు పడ్డాక చెప్పులే.

రెండుముక్కలు:
ఏ కుట్లు?

వేకువనడక:
మూడు వారాల కిందట గ్లాసు జారి పగిలింది. ఊడుస్తుంటే ఒక పెంకు బొటనవేలి కింద, అడుగున గుచ్చుకుంది. అది మానిపోయింది కాబట్టి రాయలేదు. ఆ రాత్రే శుభ్రం చేసి మూడు కుట్లు వేశారు, ధనుర్వాతం టీకా ఇచ్చారు, ఎక్స్‌రే తీసి గాజుముక్క లేదనీ ఎముక బాగుందనీ చెప్పారు. కుట్లు తీసి వారం దాటింది. గాయం దగ్గర సన్నని గీత తప్ప ఏమీ లేదు. దానికీ దీనికీ సంబంధం ఉంటుందా?

రెండుముక్కలు:
ఉంది. వ్యాయామాలు ఆపండి. షుగరు ఉందా?

వేకువనడక:
లేదు.

స్థిరపాదం:
నేను ఫిజియోథెరపిస్టును. మీకు ఆందోళన కలిగించాలని కాదు, కానీ ఈ మాట నాలుగు గంటల ముందే మీకు చెప్పి ఉంటే బాగుండేదని బాధగా ఉంది. బొటనవేలికి ఉన్నవి రెండే ఎముకలు. వేలి మొదటి కీలును వంచడానికి పొట్టి కండరం ఉంది. గోరున్న కొసను వంచేది మాత్రం ఒక్కటే, పొడుగు కండరం. అది పిక్క లోతుల్లో, బయటివైపు ఎముక వెనక పుట్టి, చీలమండ వెనకనుంచి లోపలివైపుగా అరికాలిలోకి దిగి, బొటనవేలి మొదట్లో ఉండే రెండు చిన్న గింజల్లాంటి ఎముకల మధ్యనుంచి సాగి, చివరి ఎముక అడుగున అతుక్కుంటుంది. వేలి అడుగున గాజు దిగితే చర్మం కింద దానికి తగిలే మొదటి వాటిలో ఆ కండరాన్ని ఎముకకు కట్టే తాడు, అంటే ఈ స్నాయువు (టెండన్), ఒకటి. ఎక్స్‌రేలో ఎముక కనిపిస్తుంది, గాజు చాలావరకు కనిపిస్తుంది, స్నాయువు కనిపించదు. చర్మం మానినంత మాత్రాన లోపల తెగిన కొసలు కలిశాయని కాదు.

ఒక పని చేయండి. కూర్చుని పాదాన్ని ఒళ్లో పెట్టుకోండి. బొటనవేలి మొదటి ఎముకను, అంటే పాదానికీ మధ్య కణుపుకూ నడుమ ఉన్న భాగాన్ని, రెండు వేళ్లతో కదలకుండా పట్టుకోండి. ఇప్పుడు గోరున్న కొసను మాత్రం మెల్లగా వంచడానికి చూడండి. ఒక్కసారి చాలు, బలం పెట్టకండి. సగం తెగిన స్నాయువైతే బలం పెడితే పూర్తిగా తెగవచ్చు. తర్వాత దూదితో వేలి రెండు పక్కలా తాకి, స్పర్శ ఒకేలా ఉందో లేదో చూడండి.

వేకువనడక:
చేశాను. పట్టుకోకుండా వంచితే మొదట్లో కాస్త కదులుతోంది. పట్టుకుంటే కొస వెంట్రుకవాసి కూడా కదలలేదు. ఎడమకాలికి అలాగే పట్టుకుంటే కొస టక్కున వంగింది. అప్పుడు తేడా అర్థమైంది. దూదితో తాకితే రెండో వేలి వైపు అంచున మొద్దుగా ఉంది, సాక్సు తొడిగినట్టు. దాన్ని మచ్చ వల్ల అనుకున్నాను.

పదసంపద:
అంటే స్నాయువూ నాడీ రెండూ. 'నరం' అన్న ఒక్క మాట వెనక రెండు గాయాలు దాక్కున్నాయి. దయచేసి వైద్యుడి దగ్గర ఆ మాట వాడకండి. "కొస వంగడం లేదు, ఈ పక్క స్పర్శ లేదు" అని వేలు పెట్టి చూపించండి.

స్థిరపాదం:
పదసంపద గారి సలహా మంచిది. ఎముకల శస్త్రవైద్యుల్లో పాదం, చీలమండ చూసేవారిని ఈ వారంలోనే కలవండి. అల్ట్రాసౌండు లేదా ఎమ్మారై చేస్తే పూర్తిగా తెగిందా, సగమా, పైకొస ఎంత వెనక్కి పోయిందో తెలుస్తుంది. తెగిన స్నాయువును కండరం వెనక్కి లాగుతుంది. అరికాలి మధ్యలో ఇది మిగతా వేళ్ల స్నాయువుతో ముడిపడి ఉంటుంది కాబట్టి, ఆ ముడి కొందరిలో కొసను మరీ దూరం పోనివ్వదు. తొలి రోజుల్లో అయితే రెండు కొసలు తెచ్చి నేరుగా కుట్టడం తేలిక. ఆలస్యమైతే కొస ముడుచుకుని మచ్చతో అతుక్కుంటుంది. అప్పుడు వేరే స్నాయువు ముక్కతో అతకడమో, పక్కవేళ్ల స్నాయువుకు కలపడమో అవసరం కావచ్చు. కుట్టాక సుమారు 6 వారాలు కట్టులో, మొదట్లో పాదం మోపకుండా. పరుగు, గెంతడం లాంటివాటికి నెలలు పడుతుంది.

కొండదారి:
నేను వేరేలా చెబుతాను. నాకు ఎనిమిదేళ్ల కిందట కత్తి జారి ఇదే స్నాయువు తెగింది. ఆపరేషను వద్దన్నాను. కొస ఇప్పటికీ వంగదు. రోజూ ఐదు కిలోమీటర్లు నడుస్తాను, మెట్లు ఎక్కుతాను. బరువు నెట్టడానికి మిగతా కండరాలు సర్దుకున్నాయి. తొందరపెట్టి అందరినీ శస్త్రచికిత్సకు పంపడం సరికాదు.

నాట్యసాధన:
నడక వేరు, ముందరి పాదంమీద లేవడం వేరు. మాకు వేలి కొస నేలను పట్టకపోతే నిలకడే ఉండదు.

స్థిరపాదం:
కొండదారి గారి అనుభవం నిజమే. కొస వంగకపోయినా మామూలు నడక ఇబ్బంది లేకుండా సాగేవారు ఉన్నారు, అందుకే వైద్యుల్లోనూ దీనిపై ఒకే మాట లేదు. కానీ పొడుగు స్నాయువుతోపాటు పొట్టి కండరం కూడా తెగితే వేలు క్రమంగా పైకి లేచిపోయి చెప్పుకు ఒరుసుకుంటుంది. ఆ స్థితిలో కుట్టించుకోవడం వైపే మొగ్గు ఎక్కువ. వేకువనడక గారికి మొదట్లో కదలిక ఉంది కాబట్టి పొట్టిది పనిచేస్తూ ఉండవచ్చు. వద్దనుకోవడం తప్పు కాదు, కానీ పరీక్ష చేయించుకుని, తెలిసి వద్దనుకోవాలి. తెలియకుండా సమయం దాటిపోవడం వేరు.

కొండదారి:
అంతవరకు ఒప్పుకుంటాను.

పాదమిత్ర:
కట్టు విప్పాక వేసుకునే బూటు గురించి ఎవరూ మాట్లాడటం లేదు. ముందుభాగం వెడల్పుగా, అడుగు గట్టిగా ఉన్నది చూసుకోవాలి. వేలు ఎక్కువగా పైకి వంగకుండా ఆ గట్టి అడుగు కాపాడుతుంది.

నాట్యసాధన:
ఇదే స్నాయువు గురించి నాదొక సందేహం. నాకు గాయం లేదు. చీలమండ వెనక, లోపలివైపు నొప్పి. వేలు వంచితే మధ్యలో ఇరుక్కుని, తర్వాత 'టక్' మని వదులుతుంది. పిక్క స్నాయువు వాపని మడమ మందు రాశారు. తగ్గలేదు.

స్థిరపాదం:
అది స్నాయువు తొడుగు వాచి ఇరుకైనప్పుడు వస్తుంది, నాట్యం చేసేవారిలో బాగా తెలిసిన బాధ. పాదాన్ని కిందికి వంచినప్పుడు వేలు పైకి బాగా లేచి, చీలమండను పైకి మడిచినప్పుడు లేవకపోతే అనుమానం బలపడుతుంది. ముందు సాధన తగ్గించి విశ్రాంతి. చాలామందికి ఆపరేషను అవసరం పడదు. విడిగా చర్చ మొదలుపెట్టండి, అక్కడ రాస్తాను.

వేకువనడక:
రేపు ఉదయం పాదాల శస్త్రవైద్యుడి దగ్గరికి వెళ్తున్నాను. గోళీలు తీసి లోపల పెట్టేశాను. అందరికీ ధన్యవాదాలు.

నాట్యసాధన:
స్థిరపాదం గారూ, చివరగా ఒక్కటి. నా చీలమండ వెనక స్టెరాయిడ్ సూదిమందు వేస్తామంటున్నారు. వేయించుకోవచ్చా?

రెండుముక్కలు:
స్నాయువు లోపల కాదు, తొడుగులోనే వెయ్యాలి. తెగే ప్రమాదం ఉంది. అడిగి వేయించుకోండి.

నాట్యసాధన:
ఎన్నిసార్ల వరకు వేయించుకోవచ్చు?