‘ధ్రువ దౌత్యం’ అంటే సరిపోతుందా?

అడిగింది: సంజయ్ చతుర్వేది గారు ధ్రువ ప్రాంతాల రాజకీయ భూగోళం మీద 1996లో ఇంగ్లిష్‌లో తెచ్చిన పుస్తకాన్ని మా చదువరుల బృందానికి పరిచయం చేయాలి. ‘పోలార్ డిప్లమసీ’ దగ్గరే ఆగిపోయాను. ‘ధ్రువ దౌత్యం’ అని రాస్తే మా తమ్ముడు “అంటే గట్టి దౌత్యమా?” అన్నాడు. వాడి తప్పేం లేదు. ధ్రువం అంటే కదలనిది. ధ్రువీకరణ పత్రం, ధ్రువ నక్షత్రం అన్నీ అక్కడివే. ఇంకోటి, అంటార్కిటికా నేల మాదంటే మాదన్న దేశాల ‘క్లెయిమ్స్ ఫ్రీజ్ అయ్యాయి’ అన్నదానికి ఏమనాలి? ‘హక్కులు గడ్డకట్టాయి’ అంటే అక్కడి చలికి బాగానే ఉంది గానీ నవ్వొస్తోంది.

మాస్టారు: ‘ధృవ’ అని రాయనందుకు ముందు మీకో దండం. ధకు కొమ్ము, కింద రవత్తు, వట్రసుడి కాదు. ‘ధ్రువప్రాంత దౌత్యం’ అనండి, తికమక పోతుంది. కదలనిది అన్నారు కదా, దక్షిణ ధ్రువం దగ్గర అమెరికా వాళ్లు పాతిన గుర్తును ఏటా జనవరి 1న మళ్లీ సరైన చోట పాతుతారు. కింద మంచు ఏడాదికి సుమారు 10 మీటర్లు జరిగిపోతుంది మరి.

నాటకాల పిచ్చి: ‘రాయబారం’ ఉండగా దౌత్యం ఎందుకండీ? కృష్ణ రాయబారం చూడని తెలుగువాడు ఉంటాడా!

మాస్టారు: రాయబారానికి అవతల ఒక సభ ఉండాలి, దుర్యోధనుడు ఉండాలి. అంటార్కిటికాలో ఎవరి కొలువుకు వెళ్తారు? రాజు లేడు, స్థానికులూ లేరు. 7 దేశాలు మాత్రం తలా ఒక ముక్క మాదన్నాయి. బ్రిటన్, అర్జెంటీనా, చిలీల ముక్కలైతే ఒకదాని మీదొకటి పడ్డాయి. 1959 డిసెంబర్ 1న వాషింగ్టన్‌లో 12 దేశాలు సంతకాలు చేసిన ఒప్పందంలోని నాలుగో అధికరణం ఆ హక్కులను ఒప్పుకోలేదు, కాదనలేదు. ఒప్పందం నడిచినంత కాలం అక్కడ ఏం చేసినా అది కొత్త హక్కుకు ఆధారం కాదు. గట్టు తగాదాల భాషలో చెప్పాలంటే, గుడిసె వేసుకో, పట్టా మాత్రం అడక్కు. అక్కడి మన పరిశోధన కేంద్రాల్లో ‘మైత్రి’ ఉన్నది నార్వే తనదనే నేల మీద, ‘భారతి’ ఉన్నది ఆస్ట్రేలియా తనదనే చోట. అంతమాత్రాన మనం కౌలుదార్లం కాము. ఇక మీ ‘ఫ్రీజ్’కు ‘స్తంభన’ అంటే బ్యాంకు ఖాతా గుర్తొస్తుంది. కోర్టు వార్తల్లో రాసే ‘యథాతథ స్థితి’ ఎలా ఉంటుంది?

అడిగింది: కోర్టు యథాతథ స్థితి అంటే ఇటుక కూడా పెట్టనివ్వరు కదండీ! మనం 1983లో ఒప్పందంలో చేరి, 1989లో మైత్రి, 2012లో భారతి కట్టేశాం.

మాస్టారు: పట్టేశారు. అయితే దానికి నామవాచకం వెతకడం మానేయండి. ‘ఎవరి హక్కూ ధ్రువపడలేదు’ అని క్రియతో చెప్పేస్తే పోలా?

అడిగింది: ‘ఎవరి హక్కూ ధ్రువపడని ధ్రువప్రాంతం’ అని రాసేశాను, మాస్టారూ. తమ్ముడికి చూపించాను. ఇప్పుడు ‘అధికరణం’ అంటే ఏంటని అడుగుతున్నాడు.