సందేహం: టైమ్ విరిగిన వీధిలో ఉన్న తల్లికి బయటున్న కూతురు ఫోన్ చేయగలదా?

అన్నానగర్ కథకురాలు:
అందరికీ నమస్కారం. ఒక పెద్దకథ రాస్తున్నాను, అందులో చెన్నై ఉంది కానీ మన చెన్నై కాదు. నుంగంబాక్కంలో పొగడచెట్టు వీధి అని ఒకటి కల్పించాను, అక్కడ కాలం విరిగిపోయింది, లోపల ఒక గంట గడిస్తే బయట మూడు గంటలు. తల్లి లోపలే ఉండిపోయింది, కూతురు పెళ్ళై వేళచ్చేరిలో ఉంటోంది. మొదట్లో తల్లికి 45, కూతురికి 20. బయట 30 ఏళ్ళు గడిచేసరికి కూతురికి 50, తల్లికి 55 అంతే. ఈ లెక్క నాకు బాగా నచ్చింది, ఇది మాత్రం మార్చను. కానీ కూతురు రోజూ సాయంత్రం అమ్మకి ఫోన్ చేస్తుంది అని రాశాక కలం కదలడం లేదు. అసలు ఫోన్ కలుస్తుందా? లోపలివాళ్ళకి బయట ఏం కనబడుతుంది? సైన్స్ తెలిసినవాళ్ళు చెప్పండి ప్లీజ్.

తరమణి ఇంజనీర్:
కలవదు అక్కా. మీరు టైమ్‌ని నెమ్మది చేశారు కాబట్టి బయటినుంచి లోపలికి వెళ్ళే ప్రతిదీ మూడింతలు వేగంగా చేరుతుంది, సిగ్నల్ కూడా. 900 మెగాహెర్ట్జ్‌లో పంపింది లోపల 2700 అయిపోతే ఆవిడ ఫోన్ దాన్ని పట్టుకోలేదు. ఇంట్లో 50 హెర్ట్జ్ కరెంటు 150 అవుతుంది. అయినా ఫోన్ పోతే పోయింది, ఎండ సంగతి చూడండి. వెలుతురు కణం ఒక్కోదాని శక్తి మూడింతలు, సెకనుకి వచ్చే కణాల సంఖ్య కూడా మూడింతలు, వెరసి తొమ్మిది రెట్లు. మామూలు వెలుతురు లోపలికి వెళ్ళేసరికి అతినీలలోహితం అయిపోతుంది. మే నెల చెన్నై ఎండని తొమ్మిదితో గుణిస్తే మీ కథలో తల్లి పాత్ర రెండో పేజీ దాటదు. అక్టోబర్ తర్వాత వానలు కూడా అంతే, మూడింతల జోరుతో పడతాయి, నీళ్ళు బయటికి పోవడం మాత్రం లోపలి టైమ్ ప్రకారమే. వీధి మునిగిపోతుంది.

నిజంగా కాలం తేడా వచ్చేచోట అది చాలా తక్కువ. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు నేలమీదవాటికంటే రోజుకి సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి, అదే సరిచేయకపోతే మ్యాప్ కిలోమీటర్ల లెక్కన తప్పు చూపిస్తుంది. మీరేమో మూడింతలు అంటున్నారు!

మైలాపూర్ బాబాయ్:
అమ్మా, ఇది మనవాళ్ళకి కొత్త కాదు. పురాణాల్లో రేవతి కథ ఉంది కదా, ఆమెకి మంచి వరుడెవరో అడుగుదామని తండ్రి ఆమెని బ్రహ్మలోకానికి తీసుకెళ్తే, పాట అయ్యేదాకా కాసేపు ఆగి అడిగేలోపు ఇక్కడ 27 మహాయుగాలు గడిచిపోయాయి. కానీ వాళ్ళు ఒక్కసారే వెళ్ళొచ్చారు, రోజూ ఫోన్లు లేవు కాబట్టి ఇబ్బంది రాలేదు. నీ కథకి రాకపోకలున్నాయి, అక్కడే చిక్కు.

పనిలోపనిగా చెప్తున్నా, నుంగంబాక్కం మంచి చోటు ఎంచుకున్నావు. 1792 నాటి మద్రాసు ఖగోళ వేధశాల రాతిస్తంభం వాతావరణ కేంద్రం ఆవరణలో ఇంకా ఉంది, దానిమీద తెలుగులో కూడా చెక్కించారు. మద్రాసు టైమ్ అక్కడినుంచే. 1906 జనవరి 1న ఇప్పటి టైమ్ వచ్చేదాకా రైళ్ళు దాని ప్రకారమే నడిచేవి, దీనికంటే సుమారు తొమ్మిది నిమిషాలు వెనక. విరగడం ఆ స్తంభం దగ్గరే మొదలైందని రాయి.

తరమణి ఇంజనీర్:
స్తంభం ఐడియా బాగుంది బాబాయ్ గారూ. అక్కా, మీ మూడింతల లెక్క పోకుండా ఒక దారి ఉంది. టైమ్‌ని నెమ్మది చేయకండి, విరగ్గొట్టండి. వీధి రోజూ ఉదయం ఆరునుంచి మధ్యాహ్నం రెండుదాకా మామూలుగా ఉంటుంది. రెండు కాగానే వాళ్ళకి మర్నాడు ఉదయం ఆరు. మధ్యలో పదహారు గంటలు వాళ్ళకి లేవు. ఎనిమిదికి ఇరవైనాలుగు, అదే మూడింతలు. ఉన్నంతసేపు ఎండ, కరెంటు, ఫోన్ అన్నీ మామూలే. సాయంత్రం ఫోన్ మాత్రం తీసేయండి, కూతురు పొద్దున్నే చేయాలి. రెండుదాకా మాట్లాడుతూ ఉంటే లైన్ కట్, అమ్మ "హలో, హలో" అనేసరికి కూతురికి మరుసటి రోజు.

అన్నానగర్ కథకురాలు:
అయ్యో, అంటే వాళ్ళకి రాత్రే ఉండదు! పడమటికి వాలిన సూర్యుడు ఒక్కసారిగా తూర్పున కనబడతాడు. చలికాలంలో ఆరు దాటితేగానీ సూర్యుడు రాడు కాబట్టి ఆ నెలల్లో మాత్రం కాస్త చీకటి. పట్టపగలే కిటికీలకి దుప్పట్లు కట్టుకుని పడుకుంటారన్నమాట. దీపావళి దీపాలు పెట్టాలంటే ఆవిడ వీధి వదిలి వేళచ్చేరి రావాలి. ఈ ఒక్క సీన్‌తో నాకు రెండు అధ్యాయాలు వస్తాయి, థాంక్స్ తమ్ముడూ.

పెరంబూర్ అకౌంటెంట్:
డబ్బు సంగతి మర్చిపోకండి మేడం. వాళ్ళ పది రోజులకి బయట నెల. పింఛను పది రోజులకోసారి పడుతుంది, వినడానికి బాగుంది, కానీ ఈఎంఐ కూడా పది రోజులకే. పింఛనుదారులు బతికే ఉన్నామని నవంబర్‌లో ఇచ్చే లైఫ్ సర్టిఫికెట్ ఆవిడకి నాలుగు నెలలకోసారి. పాలవాళ్ళు, పూలవాళ్ళు లోపల గదులు అద్దెకి అడుగుతారు, మల్లెపూలు రెండింటికి పెట్టి ఆరింటికి తీసుకుంటే అప్పుడే కోసినట్టుంటాయి. కోయంబేడు మార్కెట్ వ్యాపారులు ఊరుకుంటారా? అద్దెలు పెరిగి మీ తల్లి పాత్రని ఇంటివాళ్ళు ఖాళీ చేయమంటారు, అది రాయండి.

అన్నానగర్ కథకురాలు:
విలన్ దొరికాడు! చివరిగా ఒకటి. ఆ పదహారు గంటలు బయటివాళ్ళకి వీధి ఎలా కనబడుతుంది? రెండింటికి ఎవరైనా సగం లోపల సగం బయట ఉంటే?

తరమణి ఇంజనీర్:
ఫొటోలాగా ఆగిపోయి కనబడుతుందని మాత్రం రాయకండి, వెలుతురు లోపలికి వెళ్ళి తిరిగి రాకుండా ఏదీ కనబడదు. రెండు చివర్లూ అతుక్కుపోతాయి అనండి, రాత్రిపూట ఆ మెయిన్ రోడ్డునుంచి ఈ మెయిన్ రోడ్డుకి ఒక్క అడుగు, ఆటోవాళ్ళకి షార్ట్‌కట్. సగం మనిషి గొడవకి నా దగ్గర ఫిజిక్స్ లేదు, 1:45కి గంట కొట్టి గేటు వేసే వాచ్‌మన్‌ని పెట్టుకోండి. అతని డ్యూటీ టైమింగ్స్ కూడా చూసుకోండి, గేటు బయట నిలబడితే మామూలుగా ముసలివాడవుతాడు, లోపల నిలబడితే జీతం మూడు రెట్లు అడుగుతాడు.