'ఎయిర్‌పోర్ట్ 1975': ఎయిర్‌హోస్టెస్‌కి అన్యాయం జరిగిందా?

రీలుపెట్టె:
నిన్న రాత్రి 'ఎయిర్‌పోర్ట్ 1975' మళ్లీ చూశాను. పేరులో 75 ఉన్నా వచ్చింది 1974లో. చూడనివాళ్ల కోసం కథ: వాషింగ్టన్ నుంచి లాస్ ఏంజిలిస్ వెళ్లే 747ని (బోయింగ్ కంపెనీ పెద్ద జెట్ విమానం) వాతావరణం బాగోక సాల్ట్ లేక్ సిటీకి మళ్లిస్తారు. అదే సమయంలో ఒక చిన్న విమానం నడుపుతున్నాయనకి గుండెపోటు వస్తుంది. ఆ విమానం వచ్చి 747 కాక్‌పిట్‌ని గుద్దుతుంది. కో-పైలట్ బయటికి కొట్టుకుపోతాడు, ఫ్లైట్ ఇంజనీర్ చనిపోతాడు, కెప్టెన్‌కి కళ్లు కనిపించవు. ఇక మిగిలింది ఎయిర్‌హోస్టెస్ నాన్సీ (కారెన్ బ్లాక్). రేడియోలో చెప్పింది వింటూ, కొండల మధ్య విమానాన్ని కాపాడుకొచ్చేది ఆవిడే. చివర్లో చార్ల్టన్ హెస్టన్ హెలికాప్టర్ నుంచి తాడు మీద కాక్‌పిట్ కన్నంలోకి దిగి ల్యాండ్ చేస్తాడు. అతను ఆవిడ ప్రియుడు కూడా. నాకైతే నాన్సీకి అన్యాయం జరిగిందనే అనిపించింది. మీరేమంటారు?

గాలిమర:
అన్యాయం ఏముందండీ? 747 అంటే మూడు వందల టన్నుల పైచిలుకు బరువు. ఆటోపైలట్ మీద దిశ మార్చడం వేరు, రన్‌వే మీద దించడం వేరు. ఫ్లాప్స్ (వేగం తగ్గినా విమానాన్ని గాల్లో నిలబెట్టే రెక్కల పలకలు) ఎప్పుడు దించాలి, స్పీడు ఎంతకి తగ్గించాలి, ముక్కు ఎప్పుడు ఎత్తాలి, ఇదంతా ఏళ్ల తరబడి నేర్చుకునే పని. నేను ఎయిర్‌ఫోర్స్‌లో గ్రౌండ్ టెక్నీషియన్‌గా చేశాను. పని తెలిసినవాణ్ణి పిలిస్తే అవమానం ఎలా అవుతుంది?

మధ్యాహ్నం ఆట:
అసలు హెలికాప్టర్ 747తో సమానంగా ఎగరగలదా? ముందు అది తేల్చండి.

గాలిమర:
అలాంటి పెద్ద మిలిటరీ హెలికాప్టర్లు గంటకి 300 కిలోమీటర్ల దాకా వెళ్తాయి. ఫ్లాప్స్ దించిన 747 కూడా ఆ వేగానికి దగ్గరగా రాగలదు. అసలు కష్టం ఆ గాలి తాకిడిలో మనిషి కన్నంలోకి దూరడం. సినిమాలో మొదట ప్రయత్నించిన పైలట్ పడిపోతాడు కదా.

తెల్లకోటు:
హెలికాప్టర్ సంగతి వదిలేయండి. 1956లో 'జూలీ' అని ఒక సినిమా వచ్చింది. అందులో డోరిస్ డే ఎయిర్‌హోస్టెస్. అసూయతో పిచ్చెక్కిన భర్త విమానంలోనే పైలట్‌ని కాల్చేస్తాడు. కింద నుంచి రేడియోలో చెబుతుంటే ఆవిడే దించుతుంది, ఆకాశంలోంచి ఎవరూ దిగిరారు. అలాంటి కథ తీసిన హాలీవుడ్ పద్దెనిమిదేళ్ల తర్వాత వెనక్కి నడిచింది. నా కోపం అదీ.

గాలిమర:
అది ప్రొపెల్లర్ల విమానం మేడమ్. దాన్ని 747తో పోల్చకూడదు.

తెల్లకోటు:
మీరు ప్రతిసారీ యంత్రం దగ్గరికే వెళ్తున్నారు. నేను ఒక చిన్న ఊరి ఆస్పత్రిలో నర్సుని. ఒక రాత్రి డ్యూటీలో, కాన్పయ్యాక బీపీ పడిపోతున్న అమ్మాయిని డాక్టర్‌గారు వచ్చేదాకా నిలబెట్టింది నేను. ఆయన వచ్చి రక్తం ఎక్కించారు, బతికింది. వాళ్లింటివాళ్లు ఆయనకి దండం పెట్టారు, దానికి నాకు బాధ లేదు. మర్నాడు మీటింగులో మాత్రం 'సిస్టర్ కంగారుపడలేదు' అన్నారు. నేను చేసిన పని గురించి ఒక్క ముక్క లేదు. నాన్సీనీ అంతే చూశారు.

కృష్ణాతీరం:
1986లో కరాచీలో హైజాక్ అయిన పాన్ ఆమ్ 73 కూడా 747యే. పైలట్లు కాక్‌పిట్ పైనున్న హ్యాచ్ (అత్యవసర ద్వారం) నుంచి దిగిపోయారు. లోపల ప్రయాణికులకి దిక్కయ్యింది ఎయిర్‌హోస్టెస్ నీర్జా భనోట్.

గాలిమర:
విమానం గాల్లోకి లేవకూడదని దిగారు. అది సరైన పద్ధతే, వాళ్లని తప్పుపట్టకండి.

తెల్లకోటు గారూ, సొంత కష్టాలు చెప్పుకోవాలంటే నాకూ ఉన్నాయి. సర్వీసు అయ్యాక చేరిన కంపెనీలో, ఇంజిన్ ఎప్పుడూ విప్పి చూడనివాణ్ణి మాటకారి అని నా నెత్తిన కూర్చోబెట్టారు. నేను నేర్చుకున్నదంతా గంగలో పోసినట్టయింది. అందుకే ధైర్యం ఉంటే చాలు, శిక్షణ అక్కర్లేదు అంటే నాకు ఒళ్లు మండుతుంది. మీరు అడుగుతున్నది అదే!

రీలుపెట్టె:
ఇద్దరూ కాస్త తగ్గండి, ప్లీజ్.

తెల్లకోటు:
శిక్షణ వద్దని నేనెక్కడ అన్నాను? ఆ శిక్షణకి విలువ ఎవరి విషయంలో ఇచ్చారో చూడమంటున్నాను. అమెరికాలో ఎమిలీ హోవెల్ వార్నర్ అనే మహిళని ఫ్రాంటియర్ ఎయిర్‌లైన్స్ పైలట్‌గా తీసుకున్నది 1973లో. ఈ సినిమాకి ఒక్క ఏడాది ముందు. అప్పటికే ఆవిడ ఏళ్లుగా పైలట్లకి పాఠాలు చెబుతోంది. ఆవిడ దగ్గర నేర్చుకున్న మగవాళ్లకి ఎయిర్‌లైన్స్‌లో ఉద్యోగాలొచ్చాయి, ఆవిడకి రాలేదు.

గాలిమర:
అది తప్పే. కానీ ఆ విమానంలో కూర్చున్నవాళ్లకి ఆ చరిత్రతో పనేంటి? నేనైతే హెస్టన్‌నే పిలుస్తాను.

తెల్లకోటు:
ప్రయాణికురాలినైతే నేనూ పిలుస్తాను. కానీ ఇది కథ కదండీ. ఎవరి చేత దింపించాలో రాసేవాళ్ల ఇష్టం. 1956లో రాయగలిగింది 1974లో ఎందుకు రాయలేదు? మీ కంపెనీలో మీకు జరిగింది కూడా ఇదే కదా, పని మీది, పెద్ద కుర్చీ ఇంకొకరిది.

గాలిమర:
నా విషయం వేరు. నాకు శిక్షణ ఉంది.

తెల్లకోటు:
నాకూ ఉంది, నాలుగేళ్ల బీఎస్సీ నర్సింగ్. నాన్సీకీ ఉంది. ప్రమాదం వస్తే విమానం ఖాళీ చేయించడం ఎయిర్‌హోస్టెస్‌లకి నేర్పే మొదటి పని. అది మీ లెక్కలో శిక్షణ కాదు. మనకి గొడవ వచ్చింది అక్కడే.

గాలిమర:
శిక్షణ కాదని నేననలేదు. 747 దించడానికి అది చాలదని మళ్లీ మళ్లీ అంటాను.