తాత దస్తావేజులో ‘బళ్లారి జిల్లా’ అని ఉంటే సుగాలి ధ్రువపత్రం రాదా?

ప్రశ్న (ఆలూరు నుంచి):

అందరికీ నమస్కారం. మాది కర్నూలు జిల్లా ఆలూరు ప్రాంతంలోని ఒక తండా. మేము సుగాలీలం. ఇంటర్మీడియట్ పూర్తి చేసిన మా అమ్మాయికి కౌన్సెలింగు కోసం ఎస్టీ ధ్రువపత్రం కావాలి. నేను ఐదో తరగతితో చదువు మాని సేద్యంలోకి దిగినందువల్ల నా పేరిట ఎన్నడూ ధ్రువపత్రం తీసుకోలేదు. ఆ ఐదు తరగతులూ, మా నాన్న కూలి పనికి వలస పోయిన బళ్లారిలోనే చదివాను. అక్కడి బడి రికార్డులో నా కులం ‘లంబాణి, ఎస్సీ’ అని రాశారు. పూర్వీకుల నివాసానికి ఆధారంగా నా దగ్గరున్నది ఒక్కటే, మా తాత 1946లో మూడెకరాల చేను కొన్న దస్తావేజు. అది కూడా ‘బళ్లారి జిల్లా ఆలూరు తాలూకా’ అని మొదలవుతుంది. విచారణకు వచ్చిన ఉద్యోగి ఆ మాట మీద వేలు పెట్టి, మీ మూలం కర్ణాటక, అక్కడ మీరు ఎస్సీలు, ఇక్కడ ఎస్టీ అని ఎలా రాయమంటారని కాగితాలు తిరిగి ఇచ్చేశారు. బిడ్డ ఏడాది చదువు పోతుందేమోనని రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు. దారి చెప్పగలరు.

జవాబు (ఆదోని, విశ్రాంత రెవెన్యూ ఉద్యోగి):

అయ్యా, ఆ మాటకు మీరు భయపడనక్కరలేదు. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు మద్రాసు రాష్ట్రంలోని బళ్లారి జిల్లాను విడదీసి, ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలను ఆంధ్రలో కలిపారు. బళ్లారితో సహా చాలా తాలూకాలు మైసూరు రాష్ట్రానికి, అంటే ఇప్పటి కర్ణాటకకు పోయాయి. ఆదోని, ఆలూరు కర్నూలు జిల్లాకు, రాయదుర్గం అనంతపురం జిల్లాకు వచ్చాయి. 1946లో ఆలూరులో రాసిన దస్తావేజు మీద బళ్లారి జిల్లా అని కాక మరేమని ఉంటుంది? సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలో దాని నకలు తీసుకోండి. అందులోని సర్వే నంబరు, చెక్కుబంది (చేను నాలుగు వైపుల హద్దులు) ఇప్పటి భూమి రికార్డులైన అడంగల్, 1బీలతో సరిపోతే, ఆ చేను ఏ రాష్ట్రంలో ఉందో ఎవరూ వాదించలేరు. ఇంకొక మాట: పాత దస్తావేజుల్లో కొన్నవారి, అమ్మినవారి పేరు పక్కన కులం కూడా రాసేవారు. మీ తాతగారి పేరు ఉన్న వరుసను ఒకసారి నిదానంగా చదవండి.

జవాబు (అనంతపురం, న్యాయవాది):

పై పెద్దాయన చెప్పిన దానికి చట్టం వైపు నుంచి కొంత చేరుస్తాను. రాజ్యాంగం 341, 342 అధికరణాల ప్రకారం షెడ్యూల్డు కులాల, తెగల జాబితాలు రాష్ట్రాలవారీగా ఉంటాయి. అందుకే ఒకే సమాజం కర్ణాటకలో ఎస్సీ జాబితాలో, ఆంధ్రప్రదేశ్‌లో సుగాలి, లంబాడి అనే పేర్లతో ఎస్టీ జాబితాలో ఉంది. ఒక రాష్ట్రం నుంచి మరో రాష్ట్రానికి వలస వచ్చినవారు వెనకటి హోదాను వెంట తెచ్చుకోలేరని సుప్రీంకోర్టు 1990లో మర్రి చంద్రశేఖరరావు కేసులో చెప్పింది. ఆ ఉద్యోగి సందేహం దీనినుంచే పుట్టి ఉంటుంది. అయితే మీ కుటుంబం మొదటినుంచి ఆలూరుదే గనుక, కూలికి కొన్నేళ్లు పొరుగూరు పోయినంత మాత్రాన స్థిర నివాసం మారదు.

బళ్లారి చదువును దాచవద్దు, ఆ రికార్డును దిద్దించే ప్రయత్నమూ చేయవద్దు. అక్కడ ఎస్సీ ధ్రువపత్రం ఎన్నడూ తీసుకోలేదని మాత్రం స్పష్టంగా రాసివ్వండి. 1993 నాటి కుల ధ్రువపత్రాల చట్టం రుజువు భారాన్ని దరఖాస్తుదారు మీదే పెట్టింది కాబట్టి ప్రతి కాగితానికీ నకలు జత చేయండి. నోటిమాటతో తిప్పి పంపితే అప్పీలుకు ఆధారం ఉండదు, తిరస్కరిస్తే కారణాలతో రాతపూర్వకంగా ఇమ్మని అడగండి. స్వాతంత్ర్యానికి ముందటి పత్రాలకు ఎక్కువ విలువ ఇవ్వాలని 1994 నాటి మాధురీ పాటిల్ తీర్పు చెబుతుంది. మీ దస్తావేజు 1946 నాటిది.

జవాబు (రాయదుర్గం, ఉపాధ్యాయురాలు):

అన్నా, మా ఇంట్లోనూ ఇదే జరిగింది. విచారణలో మా తమ్ముణ్ని మన లంబాడి భాష గోర్ బోలీలో మాట్లాడమన్నారు. పట్నంలో పెరిగిన వాడు తడబడ్డాడు. ఆచారాల, భాష పరీక్ష ఒక్కటే నిర్ణాయకం కాదని సుప్రీంకోర్టు 2023లో స్పష్టం చేసింది. అమ్మాయికి భాష సరిగా రాకపోయినా అధైర్యపడవద్దని చెప్పండి.

ప్రశ్న అడిగినవారు:

అందరికీ చేతులెత్తి నమస్కారం. రాత్రి దస్తావేజును దీపం దగ్గర పెట్టి చదివాను. నాలుగో వరుసలో మా తాత పేరుకు ముందు ‘సుగాలి’ అని ఉంది. జిల్లా పేరు చూసి బెదిరి ఇన్నాళ్లూ అంతవరకు చదవనే లేదు. సోమవారం నకలుకు దరఖాస్తు పెడుతున్నాను.