సమస్యాపూరణం: రాళ్ళదెబ్బ తగిలి రాణి యయ్యె

నిర్వాహకుడు: ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం. విషయం మెక్సికో సినీనటి దోలొరెస్ దెల్ రియో (1904–1983). దురాంగోలో బ్యాంకు డైరెక్టరు కూతురు. విప్లవం రోజుల్లో ఆస్తి పోయి, కుటుంబం మెక్సికో సిటీకి చేరింది. 1925లో హాలీవుడ్ వెళ్ళి మూకీల్లో పెద్ద తార అయింది. రాయి అనగానే అహల్య దగ్గరికి వెళ్ళకండి, ఈవిడ జీవితంలోంచే జవాబు రావాలి.

తుంగభద్ర:
పడవ నిండ పూలు పరచి యమ్మెడి పిల్ల
మోము తనది, మేను ముదిత యొకతె
దనెడి మాట వినక తరిమి కొట్టిన నాడు
రాళ్ళదెబ్బ తగిలి రాణి యయ్యె.

పాలపిట్ట: అక్కా, ఆవిడ నటించిన ‘మరియా కాందెలారియా’ కథంతా మూడు పాదాల్లో పట్టేశారు! సినిమా చూడనివాళ్ళ కోసం చెప్తున్నా. సోచిమిల్కో కాలువల్లో పడవ మీద పూలమ్ముకునే ఆదివాసీ పిల్ల. చిత్రకారుడు ఆమె ముఖం గీస్తాడు, ఒంటికి మాత్రం వేరే మోడల్‌ని పెట్టుకుంటాడు. ఆ నగ్నచిత్రం చూసి ఊరు ఊరంతా కాగడాలు పట్టుకుని వెంటపడి రాళ్ళతో కొట్టి చంపుతుంది. యతులన్నీ బాగున్నాయి. యొకతె/దనెడి విరుపు నాకు చాలా నచ్చింది.

నిర్వాహకుడు: నడక బాగుంది. చిక్కల్లా కర్త దగ్గరే. పిల్ల చచ్చిపోయింది, మరి రాణి అయిందెవరు? పాత్రనీ నటినీ విడదీయాలి.

పాలపిట్ట:
హాలివుడ్డులోన నందాల బొమ్మయై
మౌనచిత్రసీమ మహిమ గన్న
మగువ సొంతనేల తిరిగి చేరిన వేళ
రాళ్ళదెబ్బ తగిలి రాణి యయ్యె.

వేణుగానం: మూడో పాదంలో మ–తి యతి కుదరదు. ‘మగువ తల్లినేల మరల చేరిన వేళ’ అంటే సరిపోతుంది. అసలు లోటు వేరే ఉంది తమ్ముడూ. ఈ పద్యంలో రాళ్ళు ఎవరు వేశారు? సమస్యలో బరువంతా రాళ్ళ మీదే ఉంటే, మొదటి మూడు పాదాల్లో వాటి ఊసే లేదు. నా ప్రయత్నం ఇదీ:

ఈమె విషమటంచు నీసడించిరి నాడు
హాలువారు పేపరందు చాటి;
సొంతనేల చేరె సుదతి; యా పలుకుల
రాళ్ళదెబ్బ తగిలి రాణి యయ్యె.

1938లో అమెరికా థియేటర్ల యజమానుల సంఘం ఒకటి, కొందరు తారలు వసూళ్ళకు విషమని పత్రికలో ప్రకటన వేయించింది. గ్రేటా గార్బో, క్యాథరిన్ హెప్‌బర్న్‌లతో పాటు ఈమె పేరూ అందులో ఉంది.

తుంగభద్ర: ‘పలుకుల రాళ్ళ’ అని మూడో పాదం చివర్నించి అందుకోవడం భలేగా ఉంది. కానీ ఆమె మెక్సికో తిరిగొచ్చింది 1940ల మొదట్లో. మీ పద్యం చదివితే ప్రకటన పడ్డ మర్నాడే రైలెక్కినట్టుంది.

నిర్వాహకుడు: పద్యానికి ఆ మాత్రం వెసులుబాటు ఇవ్వొచ్చు. ‘పేపరందు’ కూడా ఈ విషయానికి అతికింది, మార్చనక్కర్లేదు. నన్ను కదిలించేది ఇంకొకటి. విదేశీ సుందరి వేషాలు వేయించిన హాలీవుడ్ వదిలి, నలభైకి దగ్గరపడ్డాక, బ్యాంకరు కూతురు రెబోజో (మెక్సికో ఆడవాళ్ళ శాలువా) కప్పుకుని పూలమ్మే పిల్లగా కెమెరా ముందు నిలబడింది. దర్శకుడు ఎమిలియో ఫెర్నాందెస్, ఛాయాగ్రాహకుడు గాబ్రియెల్ ఫిగెరోవా. 1946లో కాన్ చలనచిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి పంచుకున్న సినిమాల్లో ఇదొకటి, ఫిగెరోవాకి ఛాయాగ్రహణ బహుమతి కూడా వచ్చింది. మెక్సికో వాళ్ళ ఏరియల్ అవార్డుల్లో మొట్టమొదటి ఉత్తమ నటి కూడా ఈమే, అది వేరే సినిమాకి. తెర మీద పడ్డ రాళ్ళే నిజంగా ఆమెను రాణిని చేశాయి. అందుకే తుంగభద్ర గారూ, మీ పద్యం వదలబుద్ధి కావడం లేదు. మూడో పాదంలో నటిని తీసుకురండి.

తుంగభద్ర: ఇదిగోండి.

పడవ నిండ పూలు పరచి యమ్మెడి పాత్ర
మోము తనది, మేను ముదిత యొకతె
దన్న వినక కొట్ట ధర గూలె, నటి యందు
రాళ్ళదెబ్బ తగిలి రాణి యయ్యె.

వేణుగానం: ఇప్పుడు పాత్ర నేలకూలింది, నటి నిలబడింది. ‘ధర గూలె’ దగ్గర ద–ధ యతి కూడా హాయిగా పడింది. నా ఓటు దీనికే.

నిర్వాహకుడు: నాదీ దీనికే. వేణుగానం గారి పూరణ రెండోది. పాలపిట్టా, రాళ్ళు వేసిందెవరో తేల్చి ఆదివారంలోగా మళ్ళీ పంపు.