కృష్ణజింకలు చేను మేస్తున్నాయి: చట్టం రైతుకు ఏ దారి చూపుతుంది?

ప్రశ్న: మక్తల్ రైతుబిడ్డ

మాది నారాయణపేట జిల్లాలో కృష్ణా నది ఒడ్డున ఉన్న పల్లె. మృగశిర కార్తెలో పత్తి గింజలు పెట్టాము. మొక్కలు నాలుగాకులకు రాకముందే జింకల మంద దిగి, సాళ్ల వెంట నడుస్తూ, కత్తెరతో తుంచినట్టు చిగుళ్లను కొరుక్కుపోయింది. మళ్లీ విత్తనం కొనాల్సి వచ్చింది. పక్క చేను ఆయన రాత్రిపూట మోటారు లైను నుంచి కంచె తీగకు కరెంటు ఇద్దామంటున్నాడు, మా నాన్న ఒప్పుకోలేదు. కేసుల భయం ఒక్కటే అందుకు కారణం కాదు. పోయిన నెల గట్టు పక్కన గడ్డిలో ఒక చిన్న కూన, చెవులు వెనక్కి అణచుకొని, తాను దగ్గరికి వెళ్లినా కదలకుండా పడుకొని ఉండటం ఆయన చూశారు. తల్లి వదిలేసిందేమోనని ఇంటికి తెద్దామనుకొని, ఎందుకో ఆగిపోయారు.

నేను అడిగేవి రెండు. అంతర్జాతీయ ఎర్ర జాబితాలో ఈ జింకను పెద్దగా ఆందోళన అక్కరలేని జాతిగా చూపుతున్నప్పుడు, మన చట్టం దానిని పులితో సమానంగా, అత్యధిక రక్షణ ఉండే మొదటి షెడ్యూల్‌లో ఉంచడం న్యాయమేనా? ఉంచితే ఉంచారు, దాని మేతకు నా చేనే ఎందుకు లెక్కకు రావాలి?

జవాబు: కందనూలు వకీలు

ముందుగా ఆ తీగ సంగతి చెబుతాను, ఎందుకంటే అది ఈ రాత్రికే జరిగిపోగల పని. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టంలో వేట అనే మాటకు చంపడం ఒక్కటే అర్థం కాదు. పట్టుకోవడం, ఉచ్చు పెట్టడం, వాటికోసం ప్రయత్నించడం కూడా అందులోకే వస్తాయి. మొదటి షెడ్యూల్ జంతువు విషయంలో శిక్ష మూడేళ్లకు తగ్గదు, ఏడేళ్ల దాకా ఉండవచ్చు. 2022 సవరణ తరువాత జరిమానా కూడా కనీసం 25 వేల రూపాయలు. ఆ తీగ జింకకూ మనిషికీ తేడా చూడదు. తెల్లవారుజామున నీళ్లు పెట్టడానికి వచ్చిన పొరుగు రైతు దానిమీద పడితే అది నరహత్య కేసు అవుతుంది. మీ నాన్నగారు ఆ కూనను ముట్టుకోకపోవడం కూడా మంచిదే అయింది. జాలితో ఎత్తుకొచ్చి ఇంట్లో పెంచినా చట్టం ముందు జవాబు చెప్పుకోవలసి ఉంటుంది.

పంట నష్టం విషయానికి వస్తే, అదే చట్టం 11వ సెక్షన్‌లో ఒక తేడా ఉంది. రెండో షెడ్యూల్ జంతువు ఆస్తికి, అంటే నిలిచి ఉన్న పైరుకు సైతం, ప్రమాదకరమైతే దానిని తొలగించడానికి అధికారి రాతపూర్వకంగా అనుమతి ఇవ్వవచ్చు. మన రాష్ట్రంలో అడవిపందులను కాల్చడానికి అనుమతులు వస్తున్నది ఈ దారినే. మొదటి షెడ్యూల్ జంతువుకు ఆ దారి లేదు. అది మనిషి ప్రాణానికి ప్రమాదకరం కావాలి, లేదా కోలుకోలేని గాయంతోనో జబ్బుతోనో ఉండాలి. అప్పుడైనా పట్టి మరోచోటికి తరలించడం సాధ్యం కాదని ముఖ్య వన్యప్రాణి సంరక్షణాధికారికి నమ్మకం కలిగాకే చంపే మాట వస్తుంది. పత్తి చిగురు ఎంత విలువైనదైనా ఆ లెక్కలోకి రాదు.

షెడ్యూల్ న్యాయమా కాదా అన్నది వేరే చర్చ. 2013లో గుజరాత్‌లోని గిర్ సింహాలను మరోచోటికి తరలించే కేసులో సుప్రీంకోర్టు, మనిషి ప్రయోజనం కొలబద్దగా కాకుండా ఆ జాతి మేలు కొలబద్దగా నిర్ణయం జరగాలని చెప్పింది. నాకు ఆ మాట మీద గౌరవం ఉంది. అయితే జాతి మేలుకయ్యే ఖర్చును ఒక్క గ్రామంలోని పది కుటుంబాల మీద వేయమని ఆ తీర్పు ఎక్కడా అనలేదు. చిగుళ్లు కొరికిన సాళ్లనూ అడుగుల గుర్తులనూ తేదీ కనబడేలా ఫోటో తీసి, అటవీ బీటు అధికారికీ వ్యవసాయ విస్తరణాధికారికీ అదే రోజు దరఖాస్తు ఇచ్చి, రసీదు తీసుకోండి. మళ్లీ విత్తిన తరువాత వచ్చి చూసినవాళ్లకు నష్టం కనబడదు.

జవాబు: దేవరకొండ సారు

ముప్పై ఏళ్లు జీవశాస్త్రం చెప్పినవాడిని, కాస్త విస్తరించి రాస్తే మన్నించండి. ఆ కూనను తల్లి వదిలేయలేదు. పుట్టిన కొత్తలో తల్లి దానిని గడ్డిలో దాచి, తాను దూరంగా మేస్తూ, పాలివ్వడానికి మాత్రమే వస్తుంది. కదలకుండా పడుకోవడమే దానికి రక్షణ.

మన పెద్దలు ఇర్రి అనీ లేడి అనీ పిలిచిన ఈ జంతువు అసలు చుక్కల దుప్పి జాతిది కాదు. దుప్పి కొమ్ములు రాలి మళ్లీ వస్తాయి, ఇర్రి మెలికల కొమ్ములు జీవితాంతం ఉంటాయి. అంతకన్నా ముఖ్యమైన తేడా నివాసంలో ఉంది. ఇది కళ్లతో దూరాన్ని చూసి, కాళ్లతో తప్పించుకునే బయలు జంతువు. వీటిని పట్టుకెళ్లి నల్లమలలో వదిలేయండని అనేవాళ్లు, అక్కడి 2,611 చదరపు కిలోమీటర్ల అమ్రాబాద్ పులుల అభయారణ్యంలో ఎక్కువ భాగం చెట్లూ గుట్టలేనని గమనించడం లేదు. అక్కడ వదలడమంటే చిరుతకు అప్పగించడమే. పైగా పట్టేటప్పుడు కలిగే బెదురుకే ఇవి కండరాలు దెబ్బతిని చనిపోగలవు. 2025లో మధ్యప్రదేశ్‌లో హెలికాప్టర్‌తో నెమ్మదిగా అదిలించి, బోమా అనే గరాటు ఆకారపు ఆవరణలోకి తోలి, వందల కృష్ణజింకలను తరలించారు. ఆ పనికి నిపుణులు, డబ్బు, అన్నిటికన్నా ముందు వదలడానికి తగిన గడ్డినేల కావాలి.

ఆ గడ్డినేలే మన దగ్గర మాయమైంది. గైరాన్లూ (ఊరి ఉమ్మడి మేత భూములు) పడావు భూములూ రికార్డుల్లో బంజరు అని పడటంతో, వాటిని ఎవరు దున్నినా ఎవరూ ఏమీ కోల్పోలేదనుకున్నాము. వీటిని వేటాడే చీతా మన దేశంలో అంతరించిందని 1952లోనే ప్రకటించారు, తోడేళ్లు తగ్గిపోయాయి. మేత పోయింది, వేటాడేవి పోయాయి, నీటి వసతితో పత్తీ వరీ వచ్చాయి. మంద మీ చేనుకు రావడంలో వింతేమీ లేదు.

ఎర్ర జాబితా గురించి ఒక్క మాట. అది జాతి మొత్తం అంతరించే ప్రమాదాన్ని కొలుస్తుంది. బంగ్లాదేశ్‌లో ఈ జింక పూర్తిగా పోయింది. మన దగ్గర ఆందోళన తగ్గడానికి కారణాల్లో ఆ మొదటి షెడ్యూల్ కూడా ఒకటి. జ్వరం తగ్గిందని మందు ఆపేయమన్నట్టుంది మీ మొదటి ప్రశ్న. రెండో ప్రశ్నకు మాత్రం నా దగ్గర ఎదురు వాదన లేదు.

జవాబు: కృష్ణ మండలం రైతు

సారు చెప్పిన శాస్త్రం సరైనదే కానీ, రాత్రి మంచె మీద కూర్చునేది మేము. నేను సోలార్ కంచె వేసుకున్నాను. అది క్షణకాలం మాత్రమే షాక్ ఇచ్చి ఆగుతుంది కాబట్టి ప్రాణం తీయదు. మంద నా చేను వదిలి పక్కనున్న కౌలు రైతు చేనులో దిగింది, ఆయన నాతో నెల రోజులు మాట్లాడలేదు. ఎవరికివారు కంచె వేసుకుంటే కంచె కొనలేనివాడి చేనే మేత అవుతుంది. వేస్తే ఊరి పొలాలన్నిటికీ కలిపి వేయాలి, నది వైపు కొంత పడావు వాటికి వదలాలి. అది మా ఊళ్లో ఇంకా మాటల దగ్గరే ఉంది.

ప్రశ్న అడిగినవారు: మక్తల్ రైతుబిడ్డ

ముగ్గురికీ నమస్కారాలు. పక్క చేను ఆయనకు వకీలు గారి జవాబు చదివి వినిపించాను. జింక గురించి వింటున్నంతసేపూ నవ్వాడు, నీళ్లు పెట్టడానికి వచ్చే మనిషి మాట దగ్గర ఆగి, తీగ చుట్టను తిరిగి కొట్టంలో పెట్టాడు. రేపు దరఖాస్తు రాస్తున్నాము. రెండోసారి మొలిచిన సాళ్లలో మొదటి నష్టానికి ఆధారంగా విత్తనాల బిల్లులు రెండూ జతపరిస్తే సరిపోతుందా, వకీలు గారూ?