జీబ్రా ప్లెకోకి పవర్‌హెడ్ తప్పనిసరా, ఎయిర్ పంపు చాలా? (చెన్నై ఎండలు)

నల్లరాయి:
జీబ్రా ప్లెకో (చారలున్న చిన్న క్యాట్‌ఫిష్) బ్రెజిల్‌లో షింగూ నది ఉరవడిలో బతికే చేప కాబట్టి, గంటకి ట్యాంకు నీళ్ళని పదిసార్లు తిప్పే పవర్‌హెడ్ (నీళ్ళలో మునిగి ప్రవాహం పుట్టించే మోటారు) పెట్టాల్సిందేనని కొందరు, ఎయిర్ పంపుతో నడిచే రెండు స్పాంజ్ ఫిల్టర్లు చాలని కొందరు అంటున్నారు. 100 లీటర్ల ట్యాంకు, 5 చేపలు, మే నెలలో నీళ్ళు 32 డిగ్రీలు. కారణంతో సహా చెప్పండి.

వేళచ్చేరి ట్యాంకు:
పెట్టాల్సిందే. ఇది నాచుతో సరిపెట్టుకునే ప్లెకో కాదు, మాంసాహారమే ఎక్కువ. మేతగా వేసే బ్లడ్‌వర్మ్ (ఎర్రటి పురుగులు), రొయ్య ముక్కలు రాళ్ళ కింద చేరి కుళ్ళుతాయి. అడుగున ప్రవాహం ఉంటేనే ఆ చెత్త లేచి ఫిల్టర్ దాకా వెళ్తుంది. పంపు డబ్బా మీద రాసిన లీటర్లు నమ్మొద్దు. స్పాంజ్ మూసుకుపోయే కొద్దీ అది బాగా పడిపోతుంది. అసలు 1000 లీటర్లు తిరగాలంటే 1500 పైన రాసి ఉన్నది కొనండి. ట్యాంకు ఒక చివర, అడుగు నుంచి 5 సెంటీమీటర్ల ఎత్తున, పొడవు వాటంగా పెట్టండి. పీల్చే మూతికి స్పాంజ్ తొడగకపోతే చేపపిల్లలు అందులోకి పోతాయి.

బోరునీళ్ళు:
చెత్త మాట ఒప్పుకుంటాను. ఉరవడి మాట ఒప్పుకోను. నది పరవళ్ళు తొక్కుతుంది, నిజమే. కానీ ఈ 8 సెంటీమీటర్ల చేప పగలంతా రాతి చీలికల్లో దాక్కుంటుంది, అక్కడ ప్రవాహం చచ్చిపోతుంది. ఇక ఆక్సిజన్ సంగతి. 25 డిగ్రీల దగ్గర లీటరు నీళ్ళు సుమారు 8.2 మిల్లీగ్రాములు పట్టుకుంటాయి, 32 దగ్గర 7.3. తేడా ఒక్క మిల్లీగ్రాము కూడా లేదు. వేడికి చేపకి ఆక్సిజన్ ఎక్కువ కావాలి, అదే సమయంలో కుళ్ళిన మేత, బ్యాక్టీరియా ఉన్నది తినేస్తాయి. చిక్కు అక్కడుంది. ఆక్సిజన్ దిగేది ప్రధానంగా నీటి పైపొర నుంచే. పైపొర కదలకుండా అడుగున ఎంత తిప్పినా లాభం తక్కువ.

పైగా కరెంటు పోతే? బ్యాటరీ ఎయిర్ పంపు గంటల కొద్దీ నడుస్తుంది, పవర్‌హెడ్ ఆగిపోతుంది. కానిస్టర్ (ట్యాంకు బయట ఉండే మూత డబ్బా ఫిల్టర్) ఇంకా ప్రమాదం. కొన్ని గంటలు ఆగితే లోపలి బ్యాక్టీరియా ఊపిరాడక చస్తుంది. తిరిగి వేసేటప్పుడు ఆ కంపు నీళ్ళని బకెట్లోకి వదిలేయాలి, ట్యాంకులోకి కాదు.

వేళచ్చేరి ట్యాంకు:
అయితే రెండూ పెట్టమనే నా మాట. గుడ్ల దగ్గర మాత్రం జాగ్రత్త. ఒక్క ఈతకి పది, పదిహేను గుడ్లే. మగచేప గుహలో కూర్చుని రెక్కలతో తనే విసురుతుంది. కాబట్టి ప్రవాహం గుహ మూతి ముందు నుంచి పోవాలి గానీ లోపలికి కొట్టకూడదు. గుహ 3-4 సెంటీమీటర్ల వెడల్పు, 12 లోతు, వెనక మూసి ఉండాలి.

నల్లరాయి:
వేడికి ఫ్యాన్ చాలా?

బోరునీళ్ళు:
ఈ చేపకి 28-30 హాయి. నాలుగు రోజులు 32 ఉంటే, గాలి బాగుంటే తట్టుకుంటుంది. ఫ్యాన్ రెండు డిగ్రీలు దించుతుంది, సముద్రపు ఉక్కలో ఇంకా తక్కువ. ఆవిరయ్యేది నీరే, ఉప్పులు మిగిలిపోతాయి. బోరు నీళ్ళతో నింపుకుంటూ పోతే వారం వారం టీడీఎస్ (నీళ్ళలో కరిగిన ఉప్పుల మొత్తం) పెరుగుతుంది. ఆర్‌ఓ నీళ్ళతోనే నింపండి. బెంగళూరు వాళ్ళకి కథ తిరగబడుతుంది, డిసెంబరు రాత్రుల్లో అక్కడ హీటర్ కావాలి.

ఇంకొకటి. నదిలో పట్టిన చేప అంటే కొనకండి. 2022లో దీన్ని సైటీస్ (అంతరించే ప్రమాదమున్న జీవుల వ్యాపారాన్ని అదుపు చేసే అంతర్జాతీయ ఒప్పందం) రెండో అనుబంధంలో చేర్చారు. షింగూ మీద కట్టిన బెలో మోంచీ ఆనకట్ట, ఈ చేప బతికే నది మలుపులోనే నీళ్ళు తగ్గించేసింది. ట్యాంకులో పుట్టిన పిల్లల్నే, కాగితాలతో తీసుకోండి.

నల్లరాయి:
రెండు స్పాంజ్ ఫిల్టర్లు, ఒక పవర్‌హెడ్, బ్యాటరీ పంపు. పగటిపూట చేపలు రాళ్ళు వదిలి పైకొచ్చి అద్దానికి అంటుకుంటే?

వేళచ్చేరి ట్యాంకు:
ఆక్సిజన్ చాలట్లేదని. ముందు గాలి పెంచండి, మేత ఆపండి, తర్వాత అమోనియా పరీక్షించండి.